అనాత యోబో

లైటు పోయింది. మామూలుగా పోలేదు, అనుసూయాబాయి నోటి దగ్గరి ముద్దను లాక్కుని మరీ పోయింది. చూపుడువేలితో ఒక్కొక్క ఇంగ్లీషు అక్షరాన్నీ వెతికి పట్టుకుని నొక్కుతూ ఇంకా సగం మాట దగ్గరే ఉందామె. అంతలో తెర మీది తెల్ల గడి కింద ఇంకో గడి దానంతటదే తెరుచుకుంది. ఇంతకు ముందు ఎవరో ఇదే కుర్చీలో కూర్చుని అడిగిన మాటను ఆ కంప్యూటర్ కడుపులో దాచుకుంది కాబోలు, మొదటి అక్షరాలు కలిసేసరికి నీకు కావలసింది ఇదేనా అన్నట్టు బయటికి కక్కింది. అనాత యోబో అర్థ్. పెదవులు కదుపుతూ కూడబలుక్కుని చదివింది. రెండోసారి చదవబోతుంటే తెర నల్లబడింది, నెత్తి మీది పంకా నీరసంగా తిరిగి తిరిగి ఆగిపోయింది. ఆ ఇంటర్నెట్ దుకాణం నడిపే శీతల్ తన బల్ల దగ్గర్నుంచే, మరాఠీలో పిన్ని వరస కలిపి, "లోడ్‌షెడ్డింగు మావ్శీ, గంట దాకా రాదు. ఉంటవా, పోతవా?" అంది. "ఉంట" అంది అనుసూయాబాయి. పోయి ఆ ఇంట్లో ఏ మొహం పెట్టుకుని కూర్చుంటుంది? తనను ఎక్కడ పడేయాలో ఆ ఇంటివాళ్లే ఈ కుర్చీలో కూర్చుని వెతికి పోయారాయె.

అర్థ్ అంటే మరాఠీలో అర్థమే, అందులో వెతుక్కునేదేమీ లేదు. మిగతా రెండు మాటలు పలికిన నోళ్లు నాందేడ్ మొత్తంలో రెండే రెండు. ఒకటి తన సవతి ఉమాబాయిది, ఒకటి ఆమె కూతురు శివానిది. పుణెలో ఏదో పరదేశపు కంపెనీలో పనిచేసే ఆ పిల్ల సెలవు మీద వచ్చి, లోపలి అర్రలో తల్లితో కలిసి చీరలు మడత పెడుతూ ఆ మాట అన్నది. అనాత యోబో. తల్లి ఆ మాటను మళ్లీ అని చూసుకుంది, ఇద్దరూ పొట్ట పట్టుకుని నవ్వారు. బియ్యం చాట చేత్తో పట్టుకుని అనుసూయాబాయి గడప దాటేసరికి ఇద్దరి నోళ్లూ గుండిగకు మూత పడ్డట్టు పడ్డాయి. "ఏమే, నాకు చెప్పరాని నవ్వా?" అంటే, "ఏం లేదు పెద్దమ్మా, మా కంపెనీ ముచ్చట" అన్నది శివాని. ఉమాబాయి మాత్రం తలెత్తలేదు. చీర అంచు చూసుకుంటూ ఉండిపోయింది. ఆ వంచిన తలే చెప్పింది అంతా. కంపెనీ ముచ్చటైతే తల వంచుకోవడం దేనికి? అనాత అంటే అనాత. మొగుడు పోయినది, కడుపు పండనిది, తోబుట్టువులు లేనిది. అనాథలను పెట్టే ఆశ్రమాలు పుణెలో చాలా ఉంటాయని చౌఫాలా దగ్గర పాలు పోసే జనాబాయి చెబితే విన్నది. యోబో అందులో ఒకదాని పేరై ఉంటుంది. ఎవరో మిషన్ దొరసాని పేరులాగా లేదూ? యోబో అమ్మగారి అనాథాశ్రమం. ఇనుప మంచాలు వరసగా, ప్రతి కంచం మీదా ఒక పేరు చెక్కి. తనను అక్కడ పెట్టి, తల్లీ కూతుళ్లు పుణెలో కొత్త కాపురం పెడతారు. కంప్యూటర్‌కు అన్నీ తెలుసంటారు కదా, ఆశ్రమం గల్లీ ఏమిటో తన కళ్లతోనే చూసుకుంటే సరిపోతుందని, కూరగాయలకు పోతున్నానని చెప్పి ఇక్కడికి వచ్చింది.

చీకట్లో మెడ కింద చెమట కారుతోంది. వీధిలో భేళ్‌పూరి బండివాడు గిన్నె మీద గరిటె కొడుతున్నాడు, దూరంగా గురుద్వారా మైకులోంచి కీర్తన గాలిని బట్టి దగ్గరకు వస్తోంది, పోతోంది. కంప్యూటర్ మీటల మీద వేళ్లు ఊరికే ఆనించి ఉంచింది. ఈ అక్షరాలను ఎవరు పేర్చారో గాని ఏ పక్కన బీ లేదు, బీ పక్కన సీ లేదు, చెట్టుకొకటి పుట్టకొకటి పారిపోయినట్టున్నాయి. బడిలో నేర్చుకున్న మరాఠీ అక్షరాలైతే అన్నీ వరసగా ఉండేవి. బడి అంటే బడా, మునిసిపాలిటీ స్కూల్లో పిల్లలు పోయాక పెద్దాళ్లకు సాయంత్రం నడిపిన సాక్షరతా తరగతి. పిల్లల బెంచీలు, మోకాళ్లు గడ్డానికి తగిలేవి. "నేనే నేర్పిస్త కదక్కా, ఆ గుంపుల ఎందుకు?" అన్నది ఉమాబాయి. "నీ దగ్గర నేర్సుకుంటే నా నోట్ల అక్షరం కూడ నీదే అయితది" అనేసింది తాను. సగరోళిలో పెద్ద బడి వంటశాలలో ఉమాబాయి తండ్రి రొట్టెలు కాల్చేవాడు, ఆ పుణ్యాన ఆమెకు ఏడు తరగతులు వచ్చాయి. కుండల్‌వాడిలో తన తండ్రికి మిరప చేను ఉంది, ఆ పాపాన తనకు మిరప మంట తప్ప ఏమీ రాలేదు. ఇద్దరు పెళ్లాల మధ్యా ఆయన. ఆయన ఆస్పత్రిలో ఉన్నప్పుడు మాత్రల అట్టలు ఎత్తి వెలుతురుకు పెట్టి ఉమాబాయి చదివేది, ఇది పొద్దునది, ఇది బువ్వ తిన్నాకది అని, ఆయన ఆమె వైపే చూసేవాడు. తాను మంచం కాళ్ల దగ్గర నిలబడి ఆయన పాదాలు ఒత్తేది. పాదాలు ఒత్తేవాళ్ల వైపు ఎవరు చూస్తారు? నోరు తెరిచి చదివేవాళ్ల వైపు చూస్తారు. ఆయన పోయిన ఏడాదే పలక కొనుక్కున్నది. భర్త పోయిన దుఃఖం ఒక పక్క, ఆ మాత్రల అట్ట ఒక పక్క. నిజం చెప్పాలంటే పలక పట్టించింది అట్టే.

మరాఠీ అక్షరాలు తొందరగానే వచ్చాయి. అక్షరం పక్కన నిలువు గీత గీస్తే దాన్ని కానా అంటారు, కానా ఉంటే దీర్ఘం, లేకపోతే లేదు. మరాఠీ మామా మామాగా ఉండాలంటే రెండు కర్రలు పాతాల్సిందే. ఆ న్యాయం ఆమెకు నచ్చింది. ఇంగ్లీషులో అట్లాంటి కర్రలు ఉండవు, దీర్ఘం ఎక్కడ పెట్టుకోవాలో ఎవరికి వాళ్లు తెలుసుకోవాలన్నది శివాని, సెలవుల్లో ఏబీసీడీలు దిద్దిస్తూ. శివాని దగ్గర నేర్చుకోవడానికి ఆమెకు నామోషీ లేకపోయింది. శివాని తనదే కదా. కన్నది ఉమాబాయే, కాదనదు. కాని పురిటి మంచం మీద ఉమాబాయి జ్వరంతో పడి ఉంటే ఆ గుడ్డును తన పొట్ట మీద పడుకోబెట్టుకుని నెల రోజులు నిద్ర కాసింది ఎవరు? పుట్టెంటుకలు తీయించడానికి మాహూర్ అమ్మవారి కొండకు పోయినప్పుడు, మెట్లన్నీ పిల్లను చంకలో మోసింది ఎవరు? మోసింది తానే. ముందు ఆయన, పక్కన ఉమాబాయి, ఇద్దరి చేతుల్లో కొబ్బరికాయల సంచి, ఏదో నవ్వుకుంటూ ఎక్కుతున్నారు. వెనక తాను పిల్లతో. ఎండ కొండ మీద నిలబడి చూస్తోంది. ఊపిరి అందక ఒక మెట్టు మీద ఆగి, ఇగో, అని పిలిచింది. ఆయన వెంటనే వెనక్కి తిరిగాడా? తిరిగాడేమో. వెంటనే తిరిగినట్టు గుర్తుకు రావడం లేదు. ఉమాబాయి చీర కొంగు ఎర్రగా ఎండలో ఎగరడం మాత్రం గుర్తుంది.

ఆ ఎర్ర చీరే గడప మీద కూడా. ఉమాబాయిని కొత్త పెళ్లికూతురిగా తెచ్చిన రోజు. గడప లోపల హారతి పళ్లెం పట్టుకుని నిలబడవలసింది మొదటి భార్యే, నిలబడింది. ఇక్కడి ఆచారం ప్రకారం కొత్త కోడలు మొగుడి పేరును పద్యంలో పెట్టి చెప్పాలి, చెప్పందే లోపలికి రానియ్యరు. ఆ పొద్దు ఒక్కసారే ఆడదాని నోట మొగుడి పేరు, మళ్లీ చచ్చేదాకా అనగూడదు. తాను కోడలిగా వచ్చినప్పుడు పద్యం నేర్పే తీసుకొచ్చింది తల్లి, గడప దగ్గర అంతమంది ఆడవాళ్లను చూసేసరికి మొత్తం మరిచిపోయి ఏడ్చింది. అత్త జాలిపడి, సర్లే రానియ్యండి అన్నది. అట్లా ఆయన పేరు తన నాలుక మీద ఒక్కసారి కూడా కూర్చోలేదు. ఉమాబాయి అట్లా కాదు. తలెత్తి, గొంతు ఖంగున, "గోదారి నీళ్లు గలగల పారె, రామచందర్ పేరు నా నోట జారె" అన్నది. ఆడవాళ్లు కేకలు పెట్టారు. ఆయన కొత్త రుమాలు సర్దుకుంటూ నవ్వాడు. హారతి పళ్లెంలో కర్పూరం తన వేళ్ల దాకా కాలుతున్నా ఆమె కదల్లేదు. ఇన్నేళ్ల తర్వాత ఈ చీకట్లో కూడా ఆ పేరు ఉమాబాయి గొంతులోనే వినబడుతుంది. తన గొంతులో ఎట్లా ఉండేదో ఎవరికి తెలుసు, ఆమెకే తెలియదు.

ఇంక ఆయన్ను పిలిచే మాట. ఉమాబాయి ఆయన్ను ఏమని పిలిచేది? ఎంత తవ్వినా దొరకడం లేదు. ఒకే ఇంట్లో ముప్పై ఏళ్లున్నారు, మధ్యన అరచెయ్యి మందం గోడ. ఆ గోడ అవతల గాజుల చప్పుడు వినేది, ఆయన దగ్గు వినేది, గ్లాసు పెట్టిన చప్పుడు వినేది. పిలుపు మాత్రం ఎన్నడూ వినలేదు. అంటే అంత మెల్లగా పిలుచుకునేవాళ్లన్న మాట. గోడకు కూడా వినబడనంత ముద్దుగా. ఆ తలపు రాగానే, ఈ వయసులో, బొట్టు తీసేసిన నుదురు పెట్టుకుని, ఈ కుళ్లేమిటి, సిగ్గు లేదా అని తననే తిట్టుకుంది, తిట్టినా కుళ్లు పోలేదు. చచ్చినవాడి మీద పట్టింపేమిటి? చచ్చినవాడి మీదే ఉంటుంది, బతికి ఉంటే రేపో మాపో తనవైపు తిరుగుతాడని ఆశైనా ఉండేది. ఇప్పుడు మిగిలింది పిల్ల ఒక్కతే. దానికి కూడా తల్లీ కూతుళ్ల భాష ఒకటి పుట్టింది, గడప దాటి లోపలికి పోతే ఆగిపోయే భాష. మొగుణ్ణి మెల్లగా పిలిచి తీసుకుపోయింది, పిల్లను నవ్వుతూ తీసుకుపోతోంది, తనకు యోబో.

"మావ్శీ, ఏం ఎతుక్కుంటున్నవ్ ఇంతకు?" అన్నది శీతల్, అట్టముక్కతో విసురుకుంటూ. "ఏం లేదు బిడ్డా, ఊకెనే." "ఊకెనే ఎవలన్న ఉక్కల కూసుంటరా? మనుమడికి పిల్లను చూస్తున్నవా ఏంది నెట్టుల?" అని నవ్వింది. మనుమడు. లేడని తెలిసీ ఈ పిల్ల పరాచికానికి అన్నది. అనాత యోబో అంటే ఏందని ఇప్పుడే అడిగేస్తే అయిపోయేది. అడిగితే ఇంటి గుట్టు బజారున పడదా? వేరే మనిషి నోటి నుంచి ఆశ్రమం అన్న మాట వినడం కన్నా, చదవడం రాని రోజుల్లోలా ఊరుకోవడం మేలు కాదా? లేచి పోదామనుకుంది. సగం లేచి మళ్లీ కూర్చుంది. తెలియకుండా తిరిగి పోతే ఆ పలక, ఆ బెంచీలు, గడ్డానికి తగిలిన మోకాళ్లు, అన్నీ దేనికి?

అప్పుడే లైటు వచ్చింది. పంకా ఒళ్లు విరుచుకుంది, కంప్యూటర్లన్నీ ఒక్కసారి గొణుక్కున్నాయి. శీతల్ వచ్చి తెర తెరిచి, "చెప్పు, ఏం కొట్టాలె?" అని నిలబడింది. అనుసూయాబాయి తానే మళ్లీ నొక్కడం మొదలుపెట్టింది, తొందరలో రెండుసార్లు తప్పు అక్షరం పడింది. గడి తెరుచుకుంది. శీతల్ వంగి చూసి, "అరే, ఇదా! మొన్న మీ శివాని, చిన్న మావ్శీ అచ్చి కొట్టిపోయిండ్రు కదా. అనత యోబో" అన్నది. అనత. పొట్టిగా అన్నది.

"అనాత కాదా?"

"ఏ అనాత, మావ్శీ? అనత. జపానోళ్ల మాట." శీతల్ ఏదో నొక్కింది, ఇంగ్లీషు అక్షరాల పుట తెరుచుకుంది, ఎవరో అడిగిన ప్రశ్న, కింద ఎవరెవరో చెప్పిన జవాబులు. శీతల్ వేలు పెట్టి చదువుతూ తెలుగులో చెప్పుకుంటూ పోయింది. "ఆ దేశంల ఆడోళ్లు కూడ మొగని పేరు పెట్టి పిలువరట, మన పాతోళ్ల తీరుగనే. అనత అంటరట. మనం 'నువ్వు' అంటం సూడు, అట్ల. గాని దాని అసలు అర్థం, మస్తు ఎనుకటిది, 'ఆ దిక్కు' అనట. అటు, ఆ పక్క. ఇగ యోబో అనేది కొరియా మాట. అదీ మొగన్ని పిలిచేదే. 'ఇటు సూడు' అన్న మాట అరిగి అరిగి యోబో అయిందని కొందరు చెప్తుండ్రు. శివానోళ్ల పెద్ద సాబ్ జపాన్ మనిషట, ఆయన పెండ్లాం కొరియాది. ఫోన్ల ఆయన మాటొకటి ఈమె మాటొకటి రెండు కలిపి అనత, యోబో అని పిలుస్తదట. అండ్ల ఏమన్న మతలబుందా అని చూడనచ్చిండ్రు. ఎంత నవ్విండ్రో ఆ పొద్దు."

అనుసూయాబాయి తెర వంక చూస్తూనే ఉంది. ఆశ్రమం లేదు, ఇనుప మంచాలు లేవు. ఆ దీర్ఘం ఎవరూ పెట్టింది కాదు, తానే తెచ్చి పాతుకున్న కర్ర. ఊపిరి పీల్చుకోవాలి, పీల్చుకుంది కూడా, కాని ఊపిరితో పాటు ఇంకోటి లోపలికి దిగింది. అటు. ఇటు సూడు. ఏ దేశపు ఆడదో, కళ్లెట్లుంటాయో ముక్కెట్లుంటుందో తెలియదు, తన కాపురం మొత్తం రెండు మాటల్లో చెప్పేసింది. ఆయన ఎప్పుడూ అటే, గోడకు అవతల, ఎర్ర కొంగు పక్కన. తాను ఇటు నిలబడి ఇగో, ఇగో అని ముప్పై ఏళ్లు పిలిచింది. ఇగో అంటే మాత్రం ఇంకేమిటి, ఇటు చూడనే కదా. మరి ఆ తల్లీ కూతుళ్లు మొగుణ్ణి పిలిచే మాట చెప్పుకుని నవ్వుకుంటే, తాను రాగానే నోరు మూసుకోవడం దేనికి? ఉమాబాయి తల వంచుకోవడం దేనికి? గోడకు వినబడని ఆ ముద్దు పిలుపు కూతురికి చెప్పుకుంటూ ఉండి ఉంటుంది. అంతే. తేలింది.

"ఓ అక్కా! కూరగాయలకని చెప్పి ఈ కొట్టుల కూసున్నవా? ఇత్వారా బజారు మొత్తం దేవులాడిన." గుమ్మంలో ఉమాబాయి, మొహం కందిపోయి, కొంగుతో మెడ తుడుచుకుంటోంది. తెర మీద చూసింది, చూసి ఆగిపోయింది.

"అనాత ఆశ్రమమనుకున్న" అన్నది అనుసూయాబాయి. దాచాలని అనిపించలేదు. "నన్ను పడేయనీకి చూస్తున్నరనుకున్న."

ఉమాబాయి నోరు తెరిచింది, తర్వాత నవ్వాపుకోలేక గుమ్మం పట్టుకుంది. "నిన్నా? నిన్ను పెట్టుకునే ఆశ్రమం యాడుందే అక్కా? రెండ్రోజులల్ల వాళ్లే రిక్షాల తెచ్చి దించిపోరూ, మీ సొమ్ము మీరే తీస్కపోండ్రని!" శీతల్ కూడా నవ్వింది. అనుసూయాబాయి నవ్వలేదు.

"నువ్వు ఆయన్ను ఏమని పిలుస్తుంటివే?"

నవ్వు ఆగింది. ఆ వంచిన తల మళ్లీ. "ఇప్పుడెందుకు గది?"

"చెప్పు."

"శివాని గూడ గదే అడిగింది. నువ్వు బాపును ఏమని పిలుస్తుంటివమ్మా అని. చెప్పేటాల్లకు నువ్వచ్చినవ్." ఉమాబాయి కాలి బొటనవేలితో నేల గీసింది. "ఏమని పిలుస్త అక్కా? ఇగో అందామంటే అది నీది. పొద్దున లేస్తే ఇల్లంత ఇనపడేటట్టు నువ్వు ఇగో అంటుంటివి. మళ్ల నేనూ గదే అంటే ఎంగిలి తాగినట్టుండె. ఇంకో మాట దొరకలె. పని పడితే, పక్కన నిలవడి 'అక్క పిలుస్తుంది' అని చెప్తుంటి. గంతే. ఆ మాటకైతే తిన్న కంచం ఇడిసి లేస్తుండె. నాకు మస్తు మండుతుండె తియ్."

అక్క పిలుస్తుంది. అనుసూయాబాయికి ఒక్కసారి వంటింటి గుమ్మం కళ్లకు కట్టింది. ఆయన ఎంగిలి చెయ్యి దూరంగా పట్టుకుని వచ్చి నిలబడేవాడు, పిలిచినవటగదా అనేవాడు. నేనెందుకు పిలుస్త, నీకు పెండ్లాం లేదా అటు, అని తాను పొయ్యి వైపు తిరిగి అనేది. ఆయన కాసేపు అట్లాగే నిలబడేవాడు. తర్వాత వెనుదిరిగి పోయేవాడు, మధ్య వసారాలో ఉమాబాయి ఆయన్ను ఆపి తన పని చెప్పుకునేది. ఎన్నిసార్లు అట్లా వచ్చాడో, ఎన్నిసార్లు తిప్పి పంపిందో. ఆ రావడం ఎవరిది? పిలిచింది ఆమె, పిలుపు తనది. తనను ఒక మాటలా నోట్లో పెట్టుకుని వాడుకున్నది ఈ మనిషి, ఇన్నేళ్లూ, అడగకుండా. కోపం రావాలి. వచ్చింది. దాని వెనకే, కంచం వదిలి లేచేవాడట అన్నది వచ్చి, కోపాన్ని పక్కకు నెట్టి కూర్చుంది. ఆమెకు మండుతుండేదట. ఉమాబాయికి, తన మీద. చల్లటి నీళ్లు తాగినట్టయింది, అట్లా అయినందుకు సిగ్గూ వేసింది, సిగ్గు కన్నా చల్లదనమే ఎక్కువ.

ఇద్దరూ బయటికి వచ్చారు. ఎండ వాలుతోంది, రోడ్డు నిండా స్కూలు రిక్షాలు, అరటిపళ్ల బళ్లు. "అక్కా, ఒక్కసారి అనరాదే" అన్నది ఉమాబాయి నడుస్తూ, "ఆయన్ను పిలిచినట్టు. ఇనక శాన దినాలైంది."

"అనను. పోయినోని పిలుపు తెచ్చి బజార్ల పారేస్తనా?"

"అబ్బా, ఎంత పిసినారివే!" ఉమాబాయి మూతి తిప్పుకుని రోడ్డు దాటడానికి ముందుకు నడిచింది. ఇవ్వదు. అన్నీ ఇచ్చింది, అర్ర ఇచ్చింది, హారతి ఇచ్చింది, పిల్లను కని ఇచ్చినందుకు తన పొట్ట ఇచ్చింది. ఈ ఒక్కటీ ఇవ్వదు, ఇది తనతో పాటే పోవాలి అనుకుంటూ, ఆ అనుకోవడంలోని రుచిని నాలుక మీద పెట్టుకుని, అనుసూయాబాయి వెనక నడుస్తోంది. సందులోంచి సరుకుల టెంపో ఒకటి వెనక్కు వస్తోంది, దాని వెనక ఉమాబాయి, అటు చూస్తూ.

"ఇగో!"

గొంతు అంత పెద్దగా వస్తుందని ఆమెకే తెలియదు. ఉమాబాయి చప్పున ఆగి వెనక్కి తిరిగింది, టెంపో ఆమె కొంగును రాసుకుంటూ పోయింది. దుమ్ము కమ్మింది. దుమ్ములో నిలబడి ఉమాబాయి, కళ్లు పెద్దవి చేసుకుని, చంటిపిల్లలా చూస్తోంది.

"నన్నేనా అక్కా?"

అయ్యో, అనేశానే అనుకుంది అనుసూయాబాయి. దగ్గరికి పోయి ఆమె చెయ్యి గట్టిగా, గిచ్చినంత గట్టిగా పట్టుకుంది.

"ఇంకెవలున్నరే?"